థియో అంగెలోపులోస్ జీవితం, సినిమాలు: తరచుగా అడిగే ప్రశ్నలు

ఈ గ్రీకు దర్శకుడి సినిమా ఒకటి చూసినవారు మర్నాటికల్లా ఇంచుమించు ఒకే రకమైన సందేహాలతో వస్తారు. ఇంత నెమ్మది ఎందుకు, ఎప్పుడూ ఆ ముసురేమిటి, ఇప్పుడు చూసిన సన్నివేశం ఏ సంవత్సరంలో జరిగింది, ఆ మనిషిని ఎవరు చంపారు? ఆ సందేహాలకు ఒక్కొక్కటిగా చెప్పిన సమాధానాలను ఆయన జీవితక్రమంలో ఇక్కడ కూర్చాను. ఏ ప్రశ్నకు ఆ ప్రశ్నను విడిగా చదువుకోవచ్చు.

## పుట్టుక, బాల్యం, చదువు

ఆయన పేరు ఎలా పలకాలి? యాంజెలోపౌలోస్ అంటే తప్పా?

గ్రీకు ఉచ్చారణకు దగ్గరగా రాస్తే థోదోరోస్ అంగెలోపులోస్ అవుతుంది. ‘థియో’ అన్నది బయటి దేశాల్లో స్థిరపడిన పొట్టిపేరు. గ్రీకులో రెండు గామా అక్షరాలు పక్కపక్కన వస్తే ‘ంగ’ అని పలుకుతుంది, ఇంగ్లీషు వర్ణక్రమంలో కనిపించే ‘ఓయూ’ జంటకు గ్రీకులో ‘ఉ’ ధ్వనే ఉంటుంది. యాంజెలోపౌలోస్ అన్నది ఇంగ్లీషు అక్షరాలను చూసి చదివిన రూపం. ఆ ధ్వనులన్నిటికీ తెలుగులో అక్షరాలు ఉన్నాయి కాబట్టి మనకు ఆ చుట్టుదారి అవసరం లేదు.

ఎప్పుడు, ఎక్కడ పుట్టారు? బాల్యం ఎలాంటి కాలంలో గడిచింది?

1935 ఏప్రిల్ 27న ఏథెన్స్‌లో పుట్టారు. తండ్రి స్పిరోస్ దుకాణం నడిపేవారు. పిల్లవాడికి ఏడాది దాటగానే, 1936 ఆగస్టు 4న, జనరల్ మెటాక్సాస్ నియంతృత్వం మొదలైంది. 1940లో ఇటలీ దాడి చేసింది, 1941లో జర్మన్ సైన్యాలు ఏథెన్స్‌లోకి ప్రవేశించాయి. ఆ చలికాలంలో నగరం కరువుతో అల్లాడింది. ఆక్రమణ ముగిశాక కూడా శాంతి దక్కలేదు. వామపక్ష ప్రతిఘటన దళాలకూ రాచరికాన్ని సమర్థించే ప్రభుత్వానికీ మధ్య మొదలైన అంతర్యుద్ధం 1949 దాకా సాగింది. అంటే పద్నాలుగేళ్లు నిండేసరికి ఆయన ఒక నియంతృత్వాన్నీ, ఒక పరాయి ఆక్రమణనూ, ఒక అంతర్యుద్ధాన్నీ చూశారు. తర్వాత తీసిన సినిమాల్లో సగం ఈ పద్నాలుగేళ్ల చుట్టూనే తిరుగుతాయి.

చిన్నప్పుడు తండ్రిని శవాల మధ్య వెతికారని చదివాను. నిజంగా జరిగిందా?

జరిగింది. ఆ సంగతి ఆయనే పలుమార్లు చెప్పారు. 1944 డిసెంబరులో ఏథెన్స్ వీధుల్లో వామపక్ష దళాలకూ, బ్రిటిష్ సైన్యం అండ ఉన్న ప్రభుత్వ బలగాలకూ మధ్య పోరు నడిచింది. ఆ రోజుల్లో వామపక్షం వారు ఆయన తండ్రిని పట్టుకుపోయారు. కాల్చేసి ఉంటారనుకొని, తల్లి తొమ్మిదేళ్ల కొడుకును వెంటబెట్టుకొని నగర శివార్లలో పడి ఉన్న శవాలను చూసుకుంటూ తిరిగింది. అక్కడ దొరకని తండ్రి కొంతకాలానికి ప్రాణాలతో తిరిగివచ్చారు.

ఇక్కడ ఒక్క మాట చెప్పాలి. తండ్రిని పట్టుకుపోయినవారు వామపక్షం వారే అయినా, కొడుకు పెద్దయ్యాక తన సినిమాల్లో ఓడిపోయిన ఆ వామపక్షం పక్షానే నిలబడ్డారు. పోయాడనుకున్న మనిషి గుమ్మంలో నిలబడితే ఇంట్లోవారు ఏం మాట్లాడాలో తెలియక మౌనంగా ఉండిపోయే సన్నివేశం ఆయన సినిమాల్లో మళ్లీ మళ్లీ వస్తుంది. నా దృష్టిలో ఆయన తీసినదంతా ఆ ఒక్క గుమ్మం దగ్గర మొదలవుతుంది.

లా చదివిన మనిషి సినిమాల్లోకి ఎలా వచ్చారు?

ఏథెన్స్ విశ్వవిద్యాలయంలో న్యాయశాస్త్రం చదివారు కాని పట్టా పుచ్చుకోలేదు. సైనిక సేవ ముగించుకొని 1961లో పారిస్ వెళ్లారు. సోర్బాన్‌లో సాహిత్యం చదువుతూ, ఆ మరుసటి ఏడాది అక్కడి ప్రసిద్ధ సినిమా పాఠశాల ఐడెక్‌లో చేరారు. ఒక అధ్యాపకుడితో వివాదం వచ్చి అక్కడి నుంచి బయటికి రావలసి వచ్చింది. సన్నివేశాన్ని షాట్లుగా విడగొట్టి చూపమంటే, నల్లబల్ల మీద ఒక వృత్తం గీసి, కెమెరా ఇలా చుట్టూ ఒక్కసారి తిరిగితే చాలని వాదించడమే ఆ గొడవకు మూలమని ఒక కథనం ప్రచారంలో ఉంది. ఆ తర్వాత పారిస్‌లోని మానవ మ్యూజియంలో ఫ్రెంచ్ దర్శకుడు జాన్ రూష్ దగ్గర డాక్యుమెంటరీ పనిలో మెళకువలు నేర్చుకున్నారు.

గ్రీస్‌కు తిరిగివచ్చిన వెంటనే దర్శకుడయ్యారా?

కాలేదు. 1964లో తిరిగివచ్చాక ‘దిమోక్రతికి అల్లాయీ’ అనే వామపక్ష దినపత్రికలో సినిమా సమీక్షలు రాశారు. 1967 ఏప్రిల్ 21న సైనికాధికారులు ప్రభుత్వాన్ని కూలదోసినప్పుడు ఆ పత్రిక మూతపడింది. ఈలోగా 1965లో ఫార్మిన్క్స్ అనే పాప్ బృందం మీద ఒక సినిమా మొదలుపెట్టారు, అది పూర్తి కాలేదు. తర్వాత ప్రపంచమంతా ఎరిగిన వాంజెలిస్ ఆ బృందంలోని సంగీతకారుడే. 1968లో ‘బ్రాడ్‌కాస్ట్’ అనే లఘుచిత్రం, 1970లో తొలి పూర్తి నిడివి చిత్రం వచ్చాయి.

## సైనిక పాలన, మొదటి సినిమాలు

మొదటి సినిమా ‘రీకన్‌స్ట్రక్షన్’ దేని గురించి?

వాయవ్య గ్రీస్‌లోని ఎపిరస్ కొండల్లో నిజంగా జరిగిన ఒక హత్య గురించి. జర్మనీలో కూలికి పోయిన భర్త ఊరికి తిరిగివస్తాడు, భార్యా ఆమె ప్రియుడూ కలిసి అతన్ని చంపేస్తారు. పోలీసులు నేరం జరిగిన తీరును నిందితులచేత మళ్లీ నటింపజేసి నమోదు చేసుకుంటారు. ‘అనపరాస్తాసి’ అన్న గ్రీకు పేరుకు అదే అర్థం. ట్రాయ్ యుద్ధం నుంచి వచ్చిన అగమెమ్నోన్‌ను భార్య క్లైటెమ్నెస్ట్రా చంపించిన పురాతన కథ దీని అడుగున ఉన్నా, సినిమా ఎక్కడా ఆ పేర్లు ఎత్తదు. ఎవరు చంపారన్నది మొదటే తెలుస్తుంది. ఊరు ఎందుకు ఖాళీ అయింది, రాళ్లూ ముసలివాళ్లూ తప్ప అక్కడ ఇంకేం మిగిలింది అన్నది సినిమా పట్టించుకున్న విషయం. చివరి షాట్‌లో కెమెరా ఇంటి బయటే ఆగిపోతుంది, హత్య లోపల జరుగుతుంది, మనకు కనిపించదు. నలుపు తెలుపుల్లో, వేళ్ల మీద లెక్కపెట్టగల బృందంతో, తక్కువ డబ్బుతో తీసిన ఈ చిత్రానికి ఆ ఏడాది థెస్సలోనికి చలనచిత్రోత్సవంలో బహుమతులు వచ్చాయి.

సైనిక ప్రభుత్వపు సెన్సార్ కళ్లుగప్పి సినిమాలు ఎలా తీయగలిగారు?

చెప్పకుండా చెప్పడం ద్వారా. 1972లో వచ్చిన ‘డేస్ ఆఫ్ 36’ కథ మెటాక్సాస్ నియంతృత్వానికి ముందరి రోజుల్లో జరుగుతుంది. జైల్లో ఉన్న ఒక ఖైదీ తనను చూడవచ్చిన పార్లమెంటు సభ్యుణ్ణి బందీగా పట్టుకుంటాడు. విడిపిస్తే ఒక పార్టీకి కోపం, విడిపించకపోతే ఇంకొక పార్టీకి కోపం, ప్రభుత్వానికి ఏం చేయాలో పాలుపోదు. ముఖ్యమైన మాటలన్నీ మూసిన తలుపుల వెనకా, ఫోన్లలోనూ, గుసగుసల్లోనూ జరుగుతాయి. మనకు వసారాలూ ఎండలో నిలబడ్డ కాపలావాళ్లూ మాత్రమే కనిపిస్తారు. మాట్లాడనివ్వని కాలంలో తీసిన సినిమాకు ఆ మూతపడ్డ నోరే రూపమైంది.

‘ద ట్రావెలింగ్ ప్లేయర్స్’ కథ ఎంత చూసినా అర్థం కావడం లేదు. క్లుప్తంగా చెప్పగలరా?

1939 నుంచి 1952 దాకా ఊరూరా తిరిగే ఒక నాటక సమాజం కథ ఇది. వాళ్లు ఆడే నాటకం ఎప్పుడూ ఒక్కటే, ‘గోల్ఫో’ అనే పాత పల్లెటూరి ప్రేమకథ. ఎక్కడ ఆడినా, ఏ ఏడాది ఆడినా ఆ నాటకం చివరిదాకా సాగదు. వైమానిక దాడో, అరెస్టో, తుపాకి మోతో మధ్యలో వచ్చి తెర దించేస్తుంది.

సమాజంలోని వారి బంధుత్వాలు అత్రేయుస్ వంశపు, అంటే పైన చెప్పిన అగమెమ్నోన్ కుటుంబపు, పురాణగాథను పోలి ఉంటాయి. తండ్రిని జర్మన్లు కాల్చిచంపుతారు. అతన్ని పట్టించినవాడు తల్లి ప్రియుడు. కూతురు ఎలెక్ట్రా అంతా చూస్తుంది. కొడుకు ఒరెస్తెస్ కొండల్లో వామపక్ష గెరిల్లాలతో కలుస్తాడు, ఒకరోజు నాటకం నడుస్తుండగా రంగస్థలం మీదికి వచ్చి తల్లినీ ఆమె ప్రియుణ్ణీ కాల్చేస్తాడు. అదీ నాటకంలో భాగమేననుకొని ప్రేక్షకులు చప్పట్లు కొడతారు. అంతర్యుద్ధం తర్వాత ఒరెస్తెస్‌ను ప్రభుత్వం ఉరితీయడమో కాల్చడమో చేసి శవాన్ని అప్పగిస్తే, పూడ్చిపెడుతూ తోటి నటులు చప్పట్లు కొడతారు. ఈ రెండు చప్పట్లూ గుర్తుంటే సినిమా చేతికి చిక్కినట్టే.

సినిమా 1952లో ఎయో పట్టణంలో మొదలై, 1939లో అదే పట్టణంలో ముగుస్తుంది. మధ్యలో కాలం ముందుకూ వెనక్కూ జరుగుతుంటుంది. అక్కడక్కడ కథ ఆగి, ఒక పాత్ర సూటిగా కెమెరా వైపు చూస్తూ గ్రీకు చరిత్రలో తాను పడ్డ కష్టాన్ని చెబుతుంది. తండ్రి 1922లో ఆసియా మైనర్ నుంచి శరణార్థిగా వచ్చిన సంగతి చెబితే, ఎలెక్ట్రా 1944 డిసెంబరును చెబుతుంది.

ఒకే షాట్‌లో సంవత్సరాలు మారిపోతాయంటారు. అది ఎలా సాధ్యం?

‘ద ట్రావెలింగ్ ప్లేయర్స్’లోని 1946 నూతన సంవత్సర వేడుకను చూడండి. డాన్స్ హాల్లో ఒక పక్క వామపక్ష యువతీ యువకులు, ఇంకొక పక్క టోపీలూ ఓవర్‌కోట్లూ వేసుకున్న రాచరికవాదులు. ఒక పక్షం పాటకు ఇంకొక పక్షం పాటతోనే బదులిస్తుంది. మాటల్లేని ఆ యుద్ధంలో వామపక్షమే గెలుస్తుండగా రెండో పక్షంవాడొకడు తుపాకి పేలుస్తాడు. యువతీ యువకులు బయటికి వెళ్లిపోతారు. హాల్లో ఇక ఆడవాళ్లు లేరు కాబట్టి ఆ మగవాళ్లు ఒకరినొకరు పట్టుకొని నాట్యం చేస్తారు. ఇది చూసి నవ్వాలో భయపడాలో తెలియదు.

తర్వాత వాళ్లు తెల్లవారుజామున వీధిలోకి వచ్చి పాడుకుంటూ నడుస్తారు. కెమెరా వాళ్ల వెంటే కదులుతుంది, ఎక్కడా కట్ ఉండదు. తూలుతున్న నడక క్రమంగా కవాతుగా మారుతుంది. వీధి చివరికి చేరేసరికి అక్కడ ఎన్నికల సభ జరుగుతుంటుంది, అది 1952లో, అంతర్యుద్ధంలో ప్రభుత్వ సేనలను నడిపిన మార్షల్ పపాగోస్ ప్రచారసభ. ఆరేళ్లు ఒక వీధి పొడవులో గడిచిపోయాయి. 1946లో తుపాకి పేల్చినవాళ్లే 1952లో అధికారానికి వచ్చారన్న మాటను ఆయన సంభాషణలో పెట్టలేదు, ఆ నడకలో పెట్టారు. మధ్యలో కట్ చేసి ఉంటే అవి రెండు వేర్వేరు సంఘటనలయ్యేవి.

ఆ సినిమాను సైనిక పాలనలోనే తీశారా? కాన్స్ చలనచిత్రోత్సవానికి ప్రభుత్వం పంపలేదన్నది నిజమా?

రెండూ నిజమే. చిత్రీకరణ 1974లో, సైనికాధికారుల చేతుల్లోనే దేశం ఉండగా మొదలైంది. జర్మన్ ఆక్రమణ కాలంలో జరిగే ఒరెస్తెస్ కథ అని అధికారులకు చెప్పి ఆయన అనుమతి తెచ్చుకున్నారు, ఆ మాటలో అబద్ధం కూడా లేదు. ఆ ఏడాది జులైలో సైనిక ప్రభుత్వం కూలిపోయింది. అయితే తర్వాత వచ్చిన కరమన్లిస్ ప్రభుత్వానికీ ఈ సినిమా మింగుడుపడలేదు, 1975లో కాన్స్‌కు గ్రీస్ తరఫున అధికారికంగా పంపడానికి నిరాకరించింది. చిత్రం పోటీలో లేకుండా డైరెక్టర్స్ ఫోర్ట్‌నైట్ విభాగంలో ప్రదర్శితమై, అంతర్జాతీయ విమర్శకుల బహుమతిని గెలుచుకుంది. పోటీలో ఉంటే ఏమై ఉండేదన్న చర్చ అభిమానుల మధ్య ఇప్పటికీ నడుస్తుంటుంది.

‘ద హంటర్స్’, ‘అలెగ్జాండర్ ద గ్రేట్’ తప్పక చూడాలా?

మొదటే చూడవలసినవి కావు. 1977 నాటి ‘ద హంటర్స్’లో వేటకు వెళ్లిన పెద్దమనుషులకు మంచులో ఒక గెరిల్లా శవం దొరుకుతుంది, అంతర్యుద్ధం ముగిసి పాతికేళ్లు దాటినా గాయంలో నెత్తురు ఇంకా ఆరలేదు. ఊహ గొప్పది, సినిమా మాత్రం గ్రీకు రాజకీయాలు తెలియనివారిని గేటు దగ్గరే ఆపేస్తుంది. 1980 నాటి ‘అలెగ్జాండర్ ద గ్రేట్’కు మాసిడోనియా చక్రవర్తితో సంబంధం లేదు. ఇరవయ్యో శతాబ్దం తొలినాళ్లలో ఇంగ్లీషు దొరలను బందీలుగా పట్టుకొని కొండ ఊరికి తీసుకుపోయే ఒక బందిపోటు నాయకుడి కథ అది. విమోచకుడిగా వచ్చినవాడు నిరంకుశుడిగా మారడం అందులోని విషయం. వెనిస్ చలనచిత్రోత్సవంలో ఇది బహుమతి పొందింది.

ఆయన కమ్యూనిస్టా?

సానుభూతి వామపక్షం వైపే. కాని ప్రచార చిత్రాలు తీసే మనిషి కాదు. 1970 దశకపు సినిమాల్లో ఓడిపోయినవారి చరిత్రను వారి వైపు నుంచి చెప్పారు. ‘అలెగ్జాండర్ ద గ్రేట్’లో అధికారం ఎవరి చేతికి వచ్చినా ఏమవుతుందో చూపి, తన పక్షాన్నీ వదిలిపెట్టలేదు. ఆ తర్వాతి సినిమాల్లో నమ్మకం చెదిరిన మనుషులే ఎక్కువ కనిపిస్తారు.

## 1984 తర్వాత: ప్రయాణాలు

‘వోయేజ్ టు కైథీరా’తో ఆయన శైలి మారిందంటారు. ఏం మారింది?

గుంపుల నుంచి మనుషుల దగ్గరికి వచ్చారు. 1984 నాటి ఈ సినిమాలో అంతర్యుద్ధంలో ఓడి సోవియట్ యూనియన్‌కు వెళ్లిపోయిన స్పిరోస్ అనే వృద్ధుడు 32 ఏళ్ల తర్వాత ఇంటికి వస్తాడు. భార్యకు అతను దాదాపు కొత్త మనిషి. ఊరివాళ్లు భూములు అమ్ముకోవాలనుకుంటుంటే ఇతనొక్కడే సంతకం పెట్టనంటాడు. పౌరసత్వం లేని మనిషి కాబట్టి అధికారులు అతన్ని ఏ దేశంలోనూ పెట్టలేక, చివరికి సముద్రంలో ఒక తెప్ప మీద కూర్చోబెట్టి వదిలేస్తారు. అతని దగ్గరికి తనను కూడా పంపమని భార్య అడుగుతుంది. ముసలి జంట తెప్ప మీద నిలబడి, కట్టు విప్పుకొని, పొగమంచులోకి సాగిపోవడం చివరి షాట్. ఆ వృద్ధుడిగా నటించిన మానోస్ కత్రాకిస్ అంతర్యుద్ధకాలంలో తానే ప్రవాస దీవుల్లో బందీగా ఉన్న మనిషి. సినిమా వచ్చిన ఏడాదే ఆయన చనిపోయారు. కాన్స్‌లో స్క్రీన్‌ప్లే బహుమతి దీనికే వచ్చింది.

సంగీతం ఎవరిది? అన్ని సినిమాల్లోనూ ఒకరేనా?

1984 నుంచి 2008 దాకా వచ్చిన ఎనిమిది చిత్రాలకూ ఎలెని కరైంద్రు సంగీతం సమకూర్చారు. 1982లో థెస్సలోనికి ఉత్సవంలో అంగెలోపులోస్ జ్యూరీ అధ్యక్షుడిగా ఉండగా ఆమెకు సంగీత బహుమతి వచ్చింది, పరిచయం అక్కడ మొదలైంది. అంతకుముందరి చిత్రాల్లో నేపథ్య సంగీతం దాదాపు వాడలేదు. పాటలు వినిపిస్తే ఆ సన్నివేశంలోని మనుషులు పాడేవే. కరైంద్రు బాణీలు చిన్నవి, ఒకే స్వరం చుట్టూ తిరుగుతాయి, సినిమా చూడనివారు కూడా ఆ రికార్డులను విడిగా వింటారు.

పదే పదే పనిచేసిన మిగతావాళ్లు ఎవరు?

ఛాయాగ్రాహకుడు యోర్గోస్ అర్వానితిస్ 1970 నుంచి 1998 దాకా పూర్తి నిడివి చిత్రాలన్నిటికీ పనిచేశారు. చివరి రెండింటికి ఆంద్రెయాస్ సినానోస్ కెమెరా పట్టారు. రచనలో ఇటలీ కవి తొనీనో గ్వెర్రా 1984 నుంచి తోడున్నారు. నేర నవలలతో పేరొందిన పెత్రోస్ మార్కరిస్ కూడా చాలా చిత్రాలకు సహరచయిత. భార్య ఫీబీ ఎకనమోపులు నిర్మాణ బాధ్యతలు చూశారు.

‘ల్యాండ్‌స్కేప్ ఇన్ ద మిస్ట్’లో పిల్లలు గ్రీస్ సరిహద్దు దాటి జర్మనీ వెళతారు. ఆ రెండు దేశాలకూ సరిహద్దు ఎక్కడుంది?

లేదు. ప్రశ్న అడిగినవారి భూగోళ పరిజ్ఞానం సరైనదే. వూలా, ఆమె తమ్ముడు అలెక్సాంద్రోస్ తమ తండ్రి జర్మనీలో ఉన్నాడని నమ్మి టికెట్ లేకుండా రైలెక్కుతారు. అలాంటి తండ్రి లేడని వాళ్ల మేనమామ చెప్పేస్తాడు, ఆ మాట మనం వింటాం. కాబట్టి వాళ్లు చేరుకోవలసిన జర్మనీ కూడా పటంలో ఉన్న దేశం కాదు. చివర రాత్రివేళ నది దాటుతుంటే తుపాకి చప్పుడు వినిపిస్తుంది, తెల్లవారాక పొగమంచులో ఒక చెట్టు కనిపిస్తుంది, ఇద్దరూ పరిగెత్తి దాన్ని కావలించుకుంటారు. వాళ్లు బతికారా లేదా అన్నది సినిమా తేల్చదు. ఈ చిత్రం 1988లో వెనిస్‌లో వెండి సింహాన్నీ, మరుసటి ఏడాది ఉత్తమ యూరోపియన్ చిత్రం అవార్డునూ గెలుచుకుంది.

ఇందులో వూలా మీద లారీ డ్రైవర్ చేసే అత్యాచారం ఉంది. లారీ వెనక పరదా దించి ఉంటుంది, కెమెరా కదలదు, రోడ్డు మీద కార్లు పోతుంటాయి. ఏమీ కనిపించదు కాని తట్టుకోవడం కష్టం. ముందే తెలిసి చూడడం మంచిది.

సముద్రంలోంచి లేచే ఆ పెద్ద రాతి చెయ్యికి అర్థమేమిటి?

‘ల్యాండ్‌స్కేప్ ఇన్ ద మిస్ట్’లో థెస్సలోనికి తీరాన నీళ్లలోంచి ఒక మహావిగ్రహపు చెయ్యి తేలుతుంది, దాని చూపుడువేలు విరిగిపోయి ఉంటుంది. హెలికాప్టర్ దాన్ని ఎత్తుకొని నగరం మీదుగా తీసుకుపోతుంది. దారి చూపించవలసిన వేలే లేదు. ఇంతకు మించి విప్పి చెబితే ఆ దృశ్యానికి అన్యాయం చేసినట్టవుతుంది.

మార్చెల్లో మాస్త్రోయానీ గ్రీకు సినిమాల్లో నటించారా?

అంగెలోపులోస్‌తో రెండు చేశారు. 1986 నాటి ‘ద బీకీపర్’లో ఉద్యోగం మానేసి, తేనెపట్టు పెట్టెలు లారీలో వేసుకొని పూలు పూసే చోటల్లా తిరుగుతూ దక్షిణానికి సాగిపోయే బడిపంతులు ఆయన. 1991 నాటి ‘ద సస్పెండెడ్ స్టెప్ ఆఫ్ ద స్టార్క్’లో అన్నీ వదిలి మాయమైన రాజకీయ నాయకుడో, అతని పోలికలున్న శరణార్థో తేలని మనిషిగా కనిపిస్తారు. అందులో ఆయన భార్యగా జాన్ మొరో నటించారు.

## సరిహద్దులు, బాల్కన్ యుద్ధాలు, కాన్స్

ఒక బిషప్ ఆయన్ను మతం నుంచి వెలివేశారన్నది నిజమేనా?

నిజమే. ‘ద సస్పెండెడ్ స్టెప్ ఆఫ్ ద స్టార్క్’ను ఉత్తర గ్రీస్‌లోని ఫ్లోరినాలో తీస్తుండగా అక్కడి బిషప్ ఆవ్‌గుస్తీనోస్ కందియోతిస్ ఆ సినిమాను తీవ్రంగా వ్యతిరేకించి, దర్శకుణ్ణి బహిష్కరించారు. సరిహద్దులో చిక్కుకున్న శరణార్థుల గురించిన సినిమా అది. ఒక సన్నివేశంలో నదికి ఈ ఒడ్డున పెళ్లికూతురు, ఆ ఒడ్డున పెళ్లికొడుకు నిలబడి, గస్తీ సైనికులు వచ్చేలోగా ఒక్క మాటైనా లేకుండా పెళ్లి చేసుకుంటారు. ఇందులో మతానికి జరిగిన హాని ఏమిటో సినిమా చూసినవారికి బోధపడదు. నాలుగేళ్ల తర్వాత ‘యులిసిస్ గేజ్’ మొదట్లో, ఒక దర్శకుడి సినిమా ప్రదర్శనకు వ్యతిరేకంగా ఫ్లోరినా వీధుల్లో జనం గొడుగులతో, కొవ్వొత్తులతో నిలబడే దృశ్యం పెట్టి ఆయన తన జవాబు చెప్పుకున్నారు.

‘యులిసిస్ గేజ్’లో వెతికే మూడు రీళ్లు నిజంగా ఉన్నాయా?

రీళ్ల కథ కల్పన. వాటిని తీసిన మనాకి సోదరులు మాత్రం నిజమైనవారు. బాల్కన్ ప్రాంతపు తొలి సినిమాల్లో ఒకటైన, నూలు వడికే స్త్రీల దృశ్యాన్ని వాళ్లే తీశారు. 1995 నాటి ఈ చిత్రంలో హార్వీ కైటెల్ నటించిన దర్శకుడు, డెవలప్ చేయకుండా మిగిలిపోయిన వాళ్ల రీళ్ల కోసం అల్బేనియా, స్కోప్యె, బుకారెస్ట్, కాన్‌స్టాంట్సా, బెల్‌గ్రేడ్ మీదుగా ముట్టడిలో ఉన్న సరయేవో చేరతాడు.

దారిలో రెండు ఘట్టాలు ప్రత్యేకంగా చెప్పదగినవి. ఒకటి, ముక్కలుగా విడదీసిన లెనిన్ మహావిగ్రహం పడవ మీద వెల్లకిలా పడుకొని డాన్యూబ్ నదిలో సాగిపోతుంటే, ఒడ్డున జనం మోకాళ్ల మీద కూర్చొని శిలువ గుర్తు వేసుకుంటారు. రెండోది, కాన్‌స్టాంట్సాలోని కుటుంబ వేడుక. 1945 నూతన సంవత్సరాన మొదలైన వాల్ట్జ్ నాట్యం ఆగకుండానే సంవత్సరాలు దొర్లిపోతాయి. ఒకసారి తలుపు తడితే మనిషిని పట్టుకుపోతారు, ఇంకోసారి పియానోను జప్తుచేసి మోసుకుపోతారు. చివరికి 1950లో మిగిలినవారంతా ఫొటో దిగుతారు. ఇదంతా ఒకే షాట్.

చిత్రీకరణ జరుగుతుండగా 1994 డిసెంబరులో ఫ్లోరినాలో ఇటలీ నటుడు జాన్ మరియా వొలొంతే మరణించారు. ఆయన వేయవలసిన ఫిల్మ్ ఆర్కైవ్ అధికారి పాత్రను ఎర్లాండ్ యోసెఫ్‌సోన్ పోషించారు.

కాన్స్ వేదిక మీద కోపగించుకున్నారంటారు. ఎందుకు?

1995లో ‘యులిసిస్ గేజ్’కు రెండో స్థానమైన గ్రాండ్ జ్యూరీ బహుమతి ఇచ్చి, అగ్ర బహుమతి అయిన స్వర్ణ తాళపత్రాన్ని ఎమిర్ కుస్తురిత్సా తీసిన ‘అండర్‌గ్రౌండ్’కు ఇచ్చారు. అంగెలోపులోస్ అసంతృప్తిని దాచుకోలేదు. మీరు ఇచ్చేది ఇదే అయితే నేను చెప్పేదేమీ లేదన్న అర్థంలో ఒక్క ముక్క అని దిగిపోయారు. అది మర్యాదగా లేదన్నవారూ ఉన్నారు, నిజాయితీగా ఉందన్నవారూ ఉన్నారు. నా మటుకు, ఇరవై ఏళ్లుగా గుమ్మం దాకా వచ్చి ఆగిపోయిన మనిషి విసుగుగానే అది తోస్తుంది.

‘ఎటర్నిటీ అండ్ ఎ డే’లో పిల్లవాడు అమ్మే మాటలు ఏమిటి?

థెస్సలోనికిలో ఉండే అలెక్సాంద్రోస్ అనే రచయిత జబ్బుతో మర్నాడు ఆసుపత్రిలో చేరాలి, అక్కడి నుంచి తిరిగిరాడు. సిగ్నళ్ల దగ్గర కార్ల అద్దాలు తుడిచే ఒక అల్బేనియా పిల్లవాడు ఆ చివరి రోజున అతనికి తోడవుతాడు. గ్రీకు జాతీయ కవి సొలొమోస్ ఇటలీలో చదువుకొని వచ్చాడు, సొంత భాష సరిగా రాదు, అందుకని తెలియని మాట చెప్పినవారికల్లా డబ్బిచ్చి కొనుక్కునేవాడన్న కథను రచయిత పిల్లవాడికి చెబుతాడు. అది విన్నప్పటి నుంచి పిల్లవాడు తిరిగి తిరిగి మాటలు తెచ్చి ఇస్తుంటాడు: ముద్దుపేరుగా వాడే ‘కోర్ఫూలా’, ఎక్కడికెళ్లినా పరాయివాడైన ‘క్సెనీతిస్’, బాగా పొద్దుపోయిన వేళను చెప్పే ‘అర్గదీని’. చావుకు సిద్ధమైన రచయితకు మాటలు కరువై, భాష రాని పిల్లవాడు అవి తెచ్చివ్వడం ఈ సినిమాలో నాకు అన్నిటికన్నా ఇష్టమైన సంగతి. రచయితగా స్విట్జర్లాండ్ నటుడు బ్రూనో గాంజ్ నటించారు, గ్రీకు గొంతు వేరొకరిది.

కాన్స్‌లో స్వర్ణ తాళపత్రం గెలిచిన తొలి గ్రీకు వ్యక్తి ఆయనేనా?

మాట జాగ్రత్తగా వాడాలి. ఆ బహుమతి పొందిన తొలి గ్రీకు చిత్రం 1998 నాటి ‘ఎటర్నిటీ అండ్ ఎ డే’. ఆ ఏటి జ్యూరీకి మార్టిన్ స్కోర్సేసీ అధ్యక్షుడు. అయితే గ్రీస్‌లో పుట్టి ఫ్రాన్స్‌లో స్థిరపడిన కోస్తా గావ్రాస్ తన అమెరికన్ చిత్రం ‘మిస్సింగ్’కు 1982లోనే ఆ బహుమతిని మరొకరితో పంచుకున్నారు.

## చివరి సంవత్సరాలు

చివర్లో తలపెట్టిన మూడు చిత్రాల వరుస పూర్తయిందా?

కాలేదు. మొదటిది 2004 నాటి ‘ద వీపింగ్ మెడో’. 1919 ప్రాంతంలో ఒడెస్సా నుంచి పారిపోయివచ్చిన గ్రీకు శరణార్థుల కథ. దానికోసం కెర్కినీ సరస్సులో నీళ్లు తగ్గిన నేల మీద ఒక ఊరినే కట్టారు. సరస్సు మళ్లీ నిండి ఇళ్లు మునిగినప్పుడు వరద సన్నివేశాలు తీశారు. ఆ నీళ్ల మీద నల్లటి జెండాలతో పడవలు సాగే అంతిమయాత్ర కంప్యూటర్ బొమ్మ కాదు. రెండోది 2008 నాటి ‘ద డస్ట్ ఆఫ్ టైమ్’. విలెమ్ డాఫో, ఐరీన్ జకోబ్, మిషెల్ పికోలీ, బ్రూనో గాంజ్ వంటి పెద్ద తారాగణం ఉన్నా, పాత్రలు ఇంగ్లీషులో ఎక్కువగా మాట్లాడడం వల్లనో ఏమో, పట్టు సడలిందన్న అభిప్రాయం చాలామందిది, నాదీ అదే. మూడోది ‘ది అదర్ సీ’.

ఎలా చనిపోయారు?

2012 జనవరి 24 సాయంత్రం, పిరేయస్ రేవు దగ్గరి ద్రపెత్సోనా ప్రాంతంలో ‘ది అదర్ సీ’ చిత్రీకరణ జరుగుతుండగా, రోడ్డు దాటుతున్న ఆయన్ను ఒక మోటార్‌సైకిల్ ఢీకొన్నది. దాన్ని నడిపింది విధుల్లో లేని ఒక పోలీసు. ఆసుపత్రికి తీసుకువెళ్లాక అదే రాత్రి మరణించారు, వయసు 76. ఆర్థిక సంక్షోభంలో కూరుకుపోయిన గ్రీస్ నేపథ్యంగా, ఇటలీ నటుడు తోనీ సెర్విల్లో ముఖ్యపాత్రలో మొదలైన ఆ సినిమా అలాగే ఆగిపోయింది.

## చూడబోయేవారి సందేహాలు

ఎందుకింత నెమ్మది? వేగంగా నడిపించి చూస్తే ఏమవుతుంది?

కథ తెలుస్తుంది, సినిమా పోతుంది. ఆయన సినిమాల్లో ఒక మనిషి చౌరస్తా దాటి వెళ్లిపోయాక కూడా కెమెరా ఖాళీ చౌరస్తా మీద ఆగి ఉంటుంది. ఆ ఖాళీలో ఇంకెవరో వస్తారు, లేదా ఎవరూ రారు. రెండు సందర్భాల్లోనూ మనం ఎదురుచూస్తాం. తిరిగిరావలసిన మనిషి కోసం ఎదురుచూడడమే విషయమైన సినిమాలో ప్రేక్షకుణ్ణి కూడా కాసేపు అక్కడ నిలబెట్టారు. 230 నిమిషాల ‘ద ట్రావెలింగ్ ప్లేయర్స్’లో ఒక్కో షాట్ సగటున నిమిషం దాటే ఉంటుంది. నేను మొదటిసారి చూసినప్పుడు రెండో గంటలో నిద్రపోయాను, అందులో సిగ్గుపడవలసింది లేదు. లేచి, అక్కడి నుంచి మొదలుపెట్టాను.

ప్రతి సినిమాలోనూ వాన, మంచు, మబ్బేనా? గ్రీస్‌లో ఎండ కాయదా?

కాస్తుంది. ఆ ఎండ, నీలి సముద్రం, తెల్లటి గోడలు పర్యాటక ప్రకటనల గ్రీస్. అంగెలోపులోస్ కావాలనే చలికాలంలో, ఎపిరస్, మాసిడోనియా కొండ ప్రాంతాల్లో తీశారు. ఎండ వస్తే చిత్రీకరణ ఆపి మబ్బు కోసం కూర్చునేవారు. వెలుతురు చదునుగా ఉంటే గానీ ఒకే షాట్‌లో సంవత్సరాలు మారడం కుదరదన్నది ఇందులోని పనితనపు కారణం. నీడలు గడియారంలా సమయం చెప్పేస్తాయి.

స్పిరోస్, వూలా, అలెక్సాంద్రోస్ అనే పేర్లు అన్ని సినిమాల్లోనూ ఎందుకు వస్తాయి?

స్పిరోస్ ఆయన తండ్రి పేరు, వూలా చిన్నతనంలోనే చనిపోయిన చెల్లెలి పేరు. సముద్రం మీద వదిలేసిన వృద్ధుడూ, తేనెటీగలు పెంచే పంతులూ ఇద్దరూ స్పిరోస్‌లే. తండ్రిని వెతుక్కుంటూ వెళ్లే పిల్ల వూలా. అలెక్సాంద్రోస్ ఒకచోట చిన్న తమ్ముడు, ఒకచోట సినిమా దర్శకుడు, ఒకచోట చావు దగ్గరపడ్డ రచయిత.

ఎక్కడి నుంచి మొదలుపెట్టాలి?

‘ల్యాండ్‌స్కేప్ ఇన్ ద మిస్ట్’తో. ఆ తర్వాత ‘ఎటర్నిటీ అండ్ ఎ డే’ పెట్టుకోండి, అదీ గ్రీకు చరిత్ర తెలియకుండానే అందుతుంది. ‘ద ట్రావెలింగ్ ప్లేయర్స్’ను మూడోదిగా ఉంచుకొని, చూసేముందు 1936, 1941, 1944, 1949, 1952 అని అయిదు సంవత్సరాలు ఒక కాగితం మీద వేసుకొని, వాటి పక్కన వరుసగా నియంతృత్వం, జర్మన్ల రాక, ఏథెన్స్ డిసెంబరు, అంతర్యుద్ధపు ముగింపు, పపాగోస్ ఎన్నిక అని రాసుకోండి. ఫోన్లో చూడకండి. మనుషులు తెరలో చీమలంత ఉంటారు, ఎవరు వస్తున్నారో ఎవరు పోతున్నారో తెలియాలంటే గోడంత కాకపోయినా కాస్త పెద్ద తెర కావాలి.